న్యాక్ గ్రేడ్ మీద హైకోర్టుకు వెళ్లొచ్చా? 2.98 దగ్గర ఆగిపోయాం

తుంగభద్ర_తీరం | 9 ఫిబ్రవరి 2025

అందరికీ నమస్కారం. కర్నూలు వైపు ఒక ప్రైవేటు డిగ్రీ కాలేజీలో పనిచేస్తున్నాను, నాలుగేళ్లుగా ఐక్యూఏసీ (కాలేజీ లోపలి నాణ్యతా విభాగం) బాధ్యత నాదే. జనవరి చివర్లో మా న్యాక్ (కాలేజీల నాణ్యత చూసి గ్రేడ్ ఇచ్చే జాతీయ సంస్థ) ఫలితం వచ్చింది. సీజీపీఏ (4కి సగటు స్కోరు) 2.98, గ్రేడ్ బీ++. ఇంకో 0.03 వచ్చుంటే 3.01, అంటే 'ఏ' గ్రేడ్. యూజీసీ 2023 నిబంధనల ప్రకారం అటానమస్ (స్వయంప్రతిపత్తి) హోదాకి దరఖాస్తు పెట్టాలంటే న్యాక్‌లో కనీసం 'ఏ' ఉండాలి, మేము ఐదేళ్లుగా ఎదురుచూసింది దాని కోసమే.

పీర్ టీమ్ (న్యాక్ పంపే తనిఖీ బృందం) మీద నాకు ఫిర్యాదు లేదు. డిసెంబర్‌లో రెండు రోజులు ఉన్నారు, ల్యాబులు, లైబ్రరీ అన్నీ చూశారు, పిల్లలతో గంటసేపు మాట్లాడారు. దెబ్బ తగిలింది డీవీవీలో, అంటే మేము పంపిన అంకెల్ని పత్రాలతో సరిచూసే దశలో. స్కాలర్‌షిప్‌ల మెట్రిక్ (కొలమానం)లో మేము ఇచ్చిన సంఖ్యను సగానికి పైగా కోసేశారు, ప్లేస్‌మెంట్లలో దాదాపు మూడో వంతు పోయింది. వాళ్లు పంపిన పత్రంలో "ధ్రువీకరణకు ముందు" అని మా అంకె, "ధ్రువీకరణ తర్వాత" అని వాళ్ల అంకె, కింద రిమార్క్ దగ్గర "సంస్థ ఇచ్చిన పత్రాల ప్రకారం మార్చాం" అని ఒకటే లైను. ఏ పత్రం చెల్లింది, ఏది చెల్లలేదు, ఎందుకు చెల్లలేదు, ఏమీ లేదు. ఆ లైను రాత్రి పడుకునే ముందు కూడా కళ్ల ముందే తిరుగుతోంది.

మా కరస్పాండెంట్ గారు నేరుగా హైకోర్టులో రిట్ వేద్దామంటున్నారు. ప్రిన్సిపల్ గారేమో న్యాక్‌తో గొడవ పెట్టుకుంటే తర్వాతి సైకిల్‌లో ఇబ్బంది అవుతుందని భయపడుతున్నారు. ఇలాంటివి చూసినవాళ్లు ఎవరైనా ఉంటే దయచేసి చెప్పండి.

గోదారిగట్టు | 9 ఫిబ్రవరి

సర్, మీ బాధ నాకు బాగా అర్థమవుతోంది. 2022లో మాకూ ఇదే జరిగింది, కాకపోతే మాది బీ దగ్గర ఆగింది. మేము కోర్టు జోలికి పోలేదు, ఏడాది ఆగి రీ-అసెస్‌మెంట్‌కి వెళ్లాం. మళ్లీ ఎస్‌ఎస్‌ఆర్ (న్యాక్‌కి ఇచ్చే స్వీయ అధ్యయన నివేదిక), మళ్లీ ఫీజు, మళ్లీ రాత్రుళ్లు. గ్రేడ్ పెరిగింది కానీ ఆ ఏడాదిలో ఇద్దరు మంచి లెక్చరర్లు వెళ్లిపోయారు.

నల్లకోటు | 9 ఫిబ్రవరి

హైకోర్టులో ప్రాక్టీసు చేస్తాను, విద్యాసంస్థల కేసులే ఎక్కువ. కాగితాలు చూడకుండా చెబుతున్నది కాబట్టి దీన్ని న్యాయ సలహాగా కాక దారి చూపడంగా తీసుకోండి.

వెళ్లొచ్చా అంటే వెళ్లొచ్చు. న్యాక్ అనేది యూజీసీ చట్టం 12(సీసీసీ) సెక్షన్ కింద 1994లో పెట్టిన సంస్థ, యూజీసీ డబ్బుతో నడిచేది, దాని గ్రేడ్ మీద మీ హక్కులు ఆధారపడి ఉన్నాయి, అందుకని రాజ్యాంగం 226 అధికరణం కింద రిట్ వినడానికి అడ్డేమీ ఉండదు. న్యాక్ ఆఫీసు బెంగళూరులో ఉంది కదా, కర్ణాటక హైకోర్టుకే వెళ్లాలా అని చాలామంది అడుగుతారు. అక్కర్లేదు. 226(2) ప్రకారం వివాదానికి కారణమైన విషయంలో కొంత భాగం మన రాష్ట్రంలో జరిగినా మన హైకోర్టు వినొచ్చు.

అసలు చిక్కు వేరే ఉంది. రిట్ వేయగానే జడ్జి గారు అడిగే మొదటి ప్రశ్న, అప్పీల్ పెట్టారా అని. న్యాక్‌లోనే అప్పీల్ ఏర్పాటు ఉంది: గ్రేడ్ వచ్చాక గడువులోపు అప్పీల్ చేస్తామని లేఖ పంపాలి, తర్వాత ఫీజు కట్టి అప్పీల్ పత్రం పెట్టాలి (ఫీజు తిరిగి రాదు). అది వాడుకోకుండా వస్తే "ముందు అక్కడికి వెళ్లి రండి" అని వెనక్కి పంపడం మామూలే. దీనికి మినహాయింపులు లేకపోలేదు. 1998లో వర్ల్‌పూల్ కేసులో సుప్రీంకోర్టు వాటిని స్పష్టంగా చెప్పింది: ప్రాథమిక హక్కు విషయమైతే, సహజ న్యాయం పాటించకపోతే, అధికారమే లేకుండా ఉత్తర్వు ఇస్తే, చట్టం చెల్లుబాటునే సవాలు చేస్తే నేరుగా రావొచ్చు. మీది "కారణాలు చెప్పలేదు" అనే వాదన కాబట్టి సహజ న్యాయం కింద ప్రయత్నించొచ్చు, కానీ అప్పీల్ గడువు ఇంకా ఉంటే నేను మాత్రం ముందు అప్పీలే వేయిస్తాను. గడువు ఎంతుందో మీ ఫలితంతో వచ్చిన మెయిల్‌లో ఈ రాత్రికే చూసుకోండి.

ఇంకో సంగతి. కోర్టు మీకు 'ఏ' గ్రేడ్ ఇవ్వదు, ఆ ఆశ పెట్టుకోవద్దు. 1963లోనే మైసూరు యూనివర్సిటీ వర్సెస్ గోవిందరావు కేసులో, విద్యా నిపుణులు నిజాయితీగా ఇచ్చిన అభిప్రాయంలో కోర్టులు తేలిగ్గా వేలు పెట్టకూడదని సుప్రీంకోర్టు అంది, అప్పటినుంచి అదే బాట. 1994లో టాటా సెల్యులార్ కేసులో ఇంకా సూటిగా చెప్పింది, కోర్టు చూసేది నిర్ణయం సరైందా కాదా అని కాదు, ఆ నిర్ణయానికి వచ్చిన తీరు సరిగా ఉందా లేదా అని. కాబట్టి మీ పిటిషన్‌లో "మాకు 3.01 రావాలి" అని రాస్తే ఓడినట్టే. "మా అంకె మార్చారు, కారణం చెప్పలేదు, మేమిచ్చిన సమాధానం చూసినట్టు ఆధారం లేదు" అని రాస్తే వింటారు.

కామర్స్_మేడమ్ | 10 ఫిబ్రవరి

నల్లకోటు గారూ, మీరు చెప్పింది చట్టమే కావొచ్చు, కానీ నాకు మింగుడుపడటం లేదు. "నిపుణుల అభిప్రాయం" అంటున్నారు. ఇక్కడ అంకెలు కోసింది నిపుణులు కాదు కదండీ, డీవీవీ. కాలేజీ గడప తొక్కరు, పిల్లల ముఖం చూడరు, ఎక్కడో కూర్చుని పీడీఎఫ్‌లు తెరిచి సంతకం ఉందా, సీల్ ఉందా, ఫొటోకి జియోట్యాగ్ ఉందా అని చూస్తారు. దానికి గోవిందరావు కేసులో ప్రొఫెసర్లకి ఇచ్చిన గౌరవం ఎందుకివ్వాలి?

నల్లకోటు | 10 ఫిబ్రవరి

మేడమ్, మీ వాదనే నేను కోర్టులో కూడా చేస్తాను, చాలా సరైన పాయింట్. 2017 జూలైలో కొత్త విధానం వచ్చాక మార్కుల్లో దాదాపు 70 శాతం అంకెల మెట్రిక్‌లకి పోయింది, పీర్ టీమ్ కళ్లతో చూసి వేసేది మిగిలిన 30 శాతమే. బోధన బాగుందా అనేది విద్యా నిపుణుల తీర్పు, అందులో కోర్టు దూరదు. 412 మంది పిల్లలకి స్కాలర్‌షిప్ వచ్చిందా 190 మందికే వచ్చిందా అనేది లెక్క. లెక్క తప్పితే కోర్టు చూడగలదు. ఈ తేడాని పిటిషన్‌లో మొదటి పేజీలోనే పెట్టాలి, చాలామంది లాయర్లు రెండింటినీ కలిపేసి గందరగోళం చేస్తారు.

పాత_ప్రొఫెసర్ | 10 ఫిబ్రవరి

రిటైరై ఆరేళ్లయింది, పీర్ టీమ్ సభ్యుడిగా కొన్ని కాలేజీలకి వెళ్లాను. తుంగభద్ర గారూ, ముందు లెక్క చూద్దాం, ఎందుకంటే 0.03 అంటే ఎంతో చాలామందికి తెలియదు.

మొత్తం ఏడు క్రైటీరియాలు, వెయిటేజీ 1000. ప్రతి మెట్రిక్‌కి 0 నుంచి 4 వరకు వేస్తారు, దాన్ని ఆ మెట్రిక్ వెయిటేజీతో గుణించి అన్నీ కూడి 1000తో భాగిస్తారు. అంటే మీకు వచ్చింది సుమారు 2980, కావలసింది 3010. తేడా 30. పది వెయిటేజీ ఉన్న ఒకే ఒక మెట్రిక్ 1 నుంచి 4కి వెళ్తే ఆ 30 వచ్చేస్తుంది. ఇరవై వెయిటేజీ ఉన్నదైతే రెండు మెట్లు చాలు. కాలేజీ మొత్తం ఐదేళ్ల పని, ఒక్క ఫోల్డర్‌లోని కాగితాల మీద వేలాడుతోంది. అందుకే మీరు అప్పీల్‌లో ఇరవై విషయాలు రాయకండి, ఆ రెండు మెట్రిక్‌ల మీదే గట్టిగా నిలబడండి.

ఇంకోటి, పీర్ టీమ్ దగ్గరికి వచ్చేసరికి డీవీవీ అంకెలు తాళం వేసేసి ఉంటాయి. మీ స్కాలర్‌షిప్ రిజిస్టర్‌ని మీరు బృందానికి చూపించి ఉంటారు, వాళ్లు తల ఊపి కూడా ఉంటారు, కానీ ఆ అంకెని మార్చే అధికారం వాళ్లకి లేదు. నేను వెళ్లిన ఒక కాలేజీలో ఒక ముసలి సూపరింటెండెంట్ బీరువా తీసి పదేళ్ల రిజిస్టర్లు బల్ల మీద పేర్చాడు, ఒక్కొక్కదానికి అట్ట వేసి, వెన్ను మీద ఎర్ర ఇంకుతో ఏడాది రాసి. అంత శుభ్రమైన రికార్డు యూనివర్సిటీల్లో కూడా చూడలేదు. కానీ వాటిలో స్కాన్ చేసి పోర్టల్‌లో పెట్టింది ఒక్కటీ లేదు. మేము చేయగలిగింది గుణాత్మక మెట్రిక్‌లో ఒక మంచి మాట రాయడమే. ఆ రోజు చాలా బాధపడ్డాను.

ఓయూ_హాస్టల్ | 10 ఫిబ్రవరి

గ్రేడ్ల పట్టికే స్థిరంగా లేదు, దాని గురించి ఎవరూ మాట్లాడరు. మొదట్లో స్టార్లు ఇచ్చేవాళ్లు. తర్వాత తొమ్మిది మెట్ల స్కేల్. 2007 నుంచి సీజీపీఏ. 2016 జూలైలో వచ్చిన పట్టికలో ఏ++ కావాలంటే 3.76 ఉండాలి, ఆ తర్వాత దాన్ని 3.51కి దించారు. ఓయూకి 2017లో 3.52 వస్తే ఏ+ అన్నారు. అదే 3.52 తర్వాతి పట్టికలో ఏ++ అవుతుంది. ఆంధ్రా యూనివర్సిటీకి 2023లో 3.74 వచ్చి ఏ++ అయింది, పాత పట్టికలో అది కూడా ఏ+ దగ్గరే ఆగేది. నేను వాళ్ల స్థాయిని తక్కువ చేయడం లేదు, రెండూ మనం గర్వపడాల్సిన యూనివర్సిటీలే. అక్షరం ఒకటే, దాని వెనక కొలబద్ద వేరు అంటున్నానంతే. నోటిఫికేషన్లలో అక్షరం చూసి తలుపు మూసేస్తున్నారు, ఆ అక్షరం ఏ ఏడాదిదో చూడరు.

కామర్స్_మేడమ్ | 10 ఫిబ్రవరి

నిజమే. పైగా ఈ అక్షరాల మీద ఎన్ని వేలాడుతున్నాయో చూడండి. 2018 నిబంధనల్లో 3.51 లేదా ఆ పైన ఉన్న యూనివర్సిటీ మొదటి కేటగిరీ, అంటే కొత్త కోర్సులకి యూజీసీ అనుమతి అక్కర్లేదు. పూర్తి ఆన్‌లైన్ డిగ్రీలు నడపాలంటే 2020 నిబంధనల్లో 3.26 ఉండాలి, లేదా ఎన్‌ఐఆర్‌ఎఫ్ (కేంద్రం ఇచ్చే ర్యాంకులు)లో మొదటి వందలో ఉండాలి. అటానమస్‌కి 'ఏ'. 1994లో పెట్టినప్పుడు ఇది కాలేజీ తనను తాను చూసుకునే అద్దం. ఇప్పుడు లైసెన్సు అయిపోయింది. లైసెన్సు అయిన రోజునే కోర్టులు, లాయర్లు, ఇంకా వేరేవి కూడా వచ్చి చేరాయి.

ఫైనలియర్_బీటెక్ | 11 ఫిబ్రవరి

అందరూ పెద్దవాళ్లు మాట్లాడుతున్నారు, మధ్యలో వస్తున్నందుకు క్షమించండి. నేను వేరే కాలేజీ, ఇంజినీరింగ్. జాయినైనప్పుడు బస్టాండ్ ఎదురుగా పెద్ద హోర్డింగ్ మీద గ్రేడ్ చూసే మా నాన్న ఫీజు కట్టారు. రెండో ఏడాదిలో స్టూడెంట్ శాటిస్‌ఫ్యాక్షన్ సర్వే మెయిల్ వచ్చింది, 21 ప్రశ్నలు. ఆ ముందు రోజే క్లాసులోకి ఒక సర్ వచ్చి ప్రతి ప్రశ్నకి ఏం నొక్కాలో బోర్డు మీద రాశారు, మేము ఫోన్లో రాసుకుని అలాగే నొక్కాం. ల్యాబ్‌లో పదిహేను సిస్టమ్స్‌లో ఆరు పనిచేసేవి. నేను "చాలా బాగుంది" అని నొక్కాను. ఇప్పటికీ ఆ విషయం గుచ్చుకుంటుంది.

నా ప్రశ్న ఏంటంటే, కాలేజీకి గ్రేడ్ తక్కువ వస్తే కోర్టుకి వెళ్తుంది. గ్రేడ్ తప్పుగా ఎక్కువ వస్తే మేము ఎక్కడికి వెళ్లాలి?

పాత_ప్రొఫెసర్ | 11 ఫిబ్రవరి

బాబూ, నువ్వు అడగాల్సిందే అడిగావు. ఆ సర్వే అన్ని కాలేజీల్లోనూ రెండో క్రైటీరియాలో భాగం, పీర్ టీమ్‌కి, యాజమాన్యానికి కాకుండా పిల్లలకి నేరుగా గొంతు ఉండాలని పెట్టారు. దాన్ని బోర్డు మీద రాసి చెప్పడమంటే ఆ గొంతు నొక్కడమే. నీ తప్పు ఏమీ లేదు, రెండో ఏడాది పిల్లవాడు లెక్చరర్‌ని ఎదిరించి ఏం చేస్తాడు?

నల్లకోటు | 11 ఫిబ్రవరి

తమ్ముడూ, నీ ప్రశ్నకి నేరుగా సమాధానం ఉంది కానీ సంతృప్తికరమైన సమాధానం కాదు. వినియోగదారుల ఫోరంలో యూనివర్సిటీల మీద వేసిన కేసులు చాలావరకు నిలబడవు, 2010లో మహర్షి దయానంద్ యూనివర్సిటీ వర్సెస్ సుర్జీత్ కౌర్ కేసులో విద్యార్థి "వినియోగదారుడు" కాదని సుప్రీంకోర్టు తేల్చింది. కానీ అంతకు ముందు ఏడాదే, 2009లో, బీహార్‌లోని బుద్ధిస్ట్ మిషన్ డెంటల్ కాలేజీ కేసు ఉంది. యూనివర్సిటీ అనుబంధం లేదు, డెంటల్ కౌన్సిల్ గుర్తింపు లేదు, ఉన్నట్టు ప్రకటన ఇచ్చి పిల్లల్ని చేర్చుకున్నారు. ఆ పిల్లలకి ఫీజు వెనక్కి, దాని మీద పరిహారం కూడా ఇమ్మంది సుప్రీంకోర్టు. అంటే లేని గుర్తింపుని ఉందని చెప్పి చేర్చుకుంటే దారి ఉంది. ఉన్న గ్రేడ్ నిజంగా అర్హతతో వచ్చిందా లేదా అని పిల్లలు సవాలు చేయడం మాత్రం చాలా కష్టం, ఆధారాలన్నీ కాలేజీ బీరువాలోనే ఉంటాయి కదా.

ఒక చిన్న ఆయుధం మీ చేతిలో ఉంది. న్యాక్ నిబంధన ప్రకారం కాలేజీ తన ఎస్‌ఎస్‌ఆర్‌ని వెబ్‌సైట్‌లో పెట్టాలి. తీసి చదువు. ల్యాబ్‌లో ఎన్ని కంప్యూటర్లు ఉన్నాయని రాశారో చూడు.

గోదారిగట్టు | 11 ఫిబ్రవరి

ఇంత మాట్లాడుతున్నాం, గుంటూరు దగ్గరి వడ్డేశ్వరం యూనివర్సిటీ సంగతి ఎవరూ ఎత్తడం లేదేంటి? పది రోజులైంది. సీబీఐ 2025 ఫిబ్రవరి 1న పది మందిని అరెస్ట్ చేసింది, అందులో న్యాక్ తనిఖీ బృందం చైర్మన్, సభ్యులు ఉన్నారు, 20 చోట్ల సోదాలు, 37 లక్షల నగదు, ఆరు ల్యాప్‌టాప్‌లు, ఒక ఐఫోన్. ఏ++ కోసం లంచం అని ఆరోపణ. ఇది చూశాక 2.98 వచ్చినవాడు ఏమనుకోవాలి? కాగితాలు సరిగా పెట్టుకోలేదే అని తనను తాను తిట్టుకోవాలా?

ఓయూ_హాస్టల్ | 11 ఫిబ్రవరి

ఇది ఒక్కరోజులో వచ్చింది కాదు. 2023 మార్చిలో న్యాక్ కార్యనిర్వాహక కమిటీ చైర్మన్ భూషణ్ పట్వర్ధన్ గారే రాజీనామా చేశారు, కొన్ని సంస్థలు అడ్డదారుల్లో గ్రేడ్లు తెచ్చుకుంటున్నాయని, విచారణ జరగాలని ఆయన ముందే రాశారు. లోపలి మనిషి, అంత పెద్ద పదవిలో ఉన్న మనిషి చెబితేనే ఆలస్యమైంది. ఆ రోజే వింటే బాగుండేది. ఇలాంటి సంస్థల్లో ఎవరికి ఎంత పడిందో నాకు తెలిసిన కొన్ని పేర్లు…

నిర్వాహకుడు | 11 ఫిబ్రవరి

ఓయూ_హాస్టల్ గారి పోస్టులో చివరి భాగం తీసేశాం. వడ్డేశ్వరం కేసు గురించి సీబీఐ బయటికి చెప్పినంత వరకు మాట్లాడుకోండి, అవి ఇంకా ఆరోపణలే, తేల్చాల్సింది కోర్టు. ఆధారం లేకుండా వ్యక్తుల పేర్లు, ఇతర కాలేజీల పేర్లు వద్దు.

పాత_ప్రొఫెసర్ | 12 ఫిబ్రవరి

గోదారిగట్టు గారి కోపం న్యాయమైనదే. నాతో పనిచేసిన పీర్ టీమ్ సభ్యుల్లో ఎక్కువమంది నిజాయితీపరులు, సొంత పనులు మానుకుని వచ్చి, మధ్యాహ్నం భోజనం కూడా హడావుడిగా ముగించి రిపోర్టు రాసేవాళ్లు. ఈ కేసుతో వాళ్లందరూ తల దించుకోవాల్సి వస్తోంది.

న్యాయపరంగా ఇక్కడ ఒక పాత కేసు గుర్తుకొస్తుంది, నల్లకోటు గారు సరిచేయాలి. 1969 క్రైపాక్ కేసు. జమ్మూకశ్మీర్‌లో అటవీ సర్వీసు ఎంపిక కమిటీలో ఒక అధికారి సభ్యుడు, ఆయనే అభ్యర్థి కూడా. తన పేరు వచ్చినప్పుడు పక్కకి జరిగాడు, కానీ పోటీదారుల పేర్లు వచ్చినప్పుడు కూర్చున్నాడు. సుప్రీంకోర్టు మొత్తం ఎంపికనే కొట్టేసింది. పక్షపాతం జరిగిందని రుజువు అక్కర్లేదు, జరిగే అవకాశం సహేతుకంగా కనిపిస్తే చాలు అనేది దాని సారం. పీర్ టీమ్‌లో ఒక సభ్యుడికి పోటీ సంస్థతో సంబంధం ఉంటే ఇదే వర్తిస్తుంది కదా?

నల్లకోటు | 12 ఫిబ్రవరి

సరిగ్గా చెప్పారు సర్. ఒక జాగ్రత్త చేరుస్తాను: అభ్యంతరం ముందే చెప్పాలి. బృందం పేర్లు తెలిసిన రోజు మౌనంగా ఉండి, సన్మానం చేసి, గ్రేడ్ తగ్గాక "ఆయన మాకు పోటీ కాలేజీవాడు" అంటే కోర్టు నమ్మదు. అన్నీ తెలిసి ఊరుకున్నారంటే ఆ అభ్యంతరం వదులుకున్నారనే అంటారు.

తుంగభద్ర గారికి బాగా పనికొచ్చే కేసు మాత్రం ఇంకోటి, 1978లో రిపోర్టైన మొహిందర్ సింగ్ గిల్. ఉత్తర్వులో ఏ కారణం రాశారో దాన్నే చూడాలి, తర్వాత కోర్టులో అఫిడవిట్ వేసి కొత్త కారణాలు అతికించకూడదు అని. జస్టిస్ కృష్ణయ్యర్ గారు అందులో ఉత్తర్వులు పాత వైన్ లాంటివి కావు, వయసు పెరిగేకొద్దీ మెరుగుపడవు అన్నారు. మీ దగ్గరున్న ఆ ఒక్క లైను రిమార్కే న్యాక్ రాసిన కారణం. రేపు న్యాక్ తన కౌంటర్ (కోర్టుకి ఇచ్చే జవాబు)లో "అనువాదం లేదు, సంతకం లేదు" అని పది చెబితే, ఇవన్నీ అప్పుడెందుకు రాయలేదు అని మీ లాయరు అడగొచ్చు.

దీంతో పాటు సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి, 30 రోజుల్లో జవాబు ఇవ్వాలి. 2011లో సీబీఎస్ఈ వర్సెస్ ఆదిత్య బందోపాధ్యాయ్ కేసులో విద్యార్థి తన జవాబు పత్రం చూసుకోవచ్చని సుప్రీంకోర్టు చెప్పింది, దిద్దినవాళ్ల పేర్లు మాత్రం ఇవ్వక్కర్లేదంది. అదే పద్ధతిలో అడగండి, ఎవరు దిద్దారో వద్దు, ఏ పత్రం ఎందుకు తోసేశారో చెప్పండి అని.

తుంగభద్ర_తీరం | 14 ఫిబ్రవరి

అందరికీ చేతులెత్తి దండం. రెండు రోజులు పాత మెయిళ్లన్నీ తవ్వాను, ఏం దొరికిందో ఉన్నదున్నట్టు చెబుతాను.

డీవీవీ వివరణలు అడుగుతూ మెయిల్ వచ్చింది దసరా సెలవుల మధ్యలో. 15 రోజుల గడువు. ఆఫీసులో ఒక్క అటెండర్ తప్ప ఎవరూ లేరు. నేను ఊరి నుంచి తిరిగొచ్చేసరికి ఆరు రోజులు పోయాయి. స్కాలర్‌షిప్‌లలో పెద్ద భాగం విద్యా దీవెన (రాష్ట్ర ప్రభుత్వ ఫీజు రీయింబర్స్‌మెంట్). ఆ డబ్బు 2021 నుంచి తల్లుల ఖాతాల్లో పడింది, కాలేజీ ఖాతాలోకి రాలేదు, కాబట్టి మా ఆడిట్ లెక్కల్లో కనిపించదు. మేము పోర్టల్ జాబితాలు పెట్టాం, వాళ్లు మంజూరు పత్రం అడిగారు. ఊరి దాతలు, పూర్వ విద్యార్థులు ఇచ్చిన స్కాలర్‌షిప్‌ల ఉత్తరాలు తెలుగులో ఉన్నాయి, ఇంగ్లీషు అనువాదం మీద ప్రిన్సిపల్ సంతకంతో పెట్టాలట. ఒక పెద్దాయన ఏటా సంక్రాంతికి వచ్చి పన్నెండు మంది ఆడపిల్లల ఫీజు కడతారు, తన చేత్తో రాసిన ఉత్తరంలో ఒక్కో పిల్ల పేరు, ఊరు, ఏం చదువుతోందో రాస్తారు. ఆ ఉత్తరం కంటే మంచి రుజువు ఏముంటుంది? కానీ తెలుగులో ఉందిగా.

ఇక ప్లేస్‌మెంట్ల విషయంలో తప్పు మాదే. 2021-22 ఫోల్డర్‌లో 2020-21 ఆఫర్ లెటర్లు అప్‌లోడ్ అయ్యాయి, అవి అప్పటికే ముందు ఏడాదిలో లెక్కేశాం. నేనే చేశాను. డీవీవీ తోసేయడం సరైనదే. ఇది కరస్పాండెంట్ గారికి నిన్న చెప్పాను, చెప్పడానికి గంటసేపు తలుపు బయట నిలబడ్డాను.

కామర్స్_మేడమ్ | 14 ఫిబ్రవరి

సర్, మీరు అలా చెప్పడం చాలా పెద్ద విషయం. అప్పీల్‌లో ప్లేస్‌మెంట్లు వదిలేయండి, స్కాలర్‌షిప్‌ల మీదే పోరాడండి. ఆ ఉత్తరాలన్నీ నాకు స్కాన్ చేసి పంపండి, ఇంగ్లీషు చేసి పెడతాను. మా అమ్మ అలాంటి ఒక దాత వల్లే డిగ్రీ చదివింది.

నల్లకోటు | 14 ఫిబ్రవరి

మేడమ్ చెప్పిందే నా మాట కూడా. ఒప్పుకోవాల్సింది ఒప్పుకుంటే మిగతా వాదనకి బలం వస్తుంది. ఒకటి గుర్తుంచుకోండి, ఇప్పుడు చేయించిన అనువాదాన్ని "అప్పుడే పెట్టాం" అన్నట్టు చూపించొద్దు. అప్పుడు మూల పత్రం పెట్టాం, ఇప్పుడు దాని అనువాదం జతచేస్తున్నాం అని తేదీతో సహా రాయండి. ప్రతి పేజీ మీద.

ఓయూ_హాస్టల్ | 15 ఫిబ్రవరి

ఈ గ్రేడ్లే పోతాయి అంటున్నారు కదా, రాధాకృష్ణన్ కమిటీ చెప్పింది? గుర్తింపు ఉంది లేదా లేదు, అంతే. ఆ పైన ఒకటి నుంచి ఐదు లెవెల్స్. అప్పుడైనా ఈ గొడవలు తగ్గుతాయా?

పాత_ప్రొఫెసర్ | 15 ఫిబ్రవరి

ఇస్రో మాజీ చైర్మన్ రాధాకృష్ణన్ గారి కమిటీ సిఫార్సులు 2024 జనవరిలో బయటికొచ్చాయి. ఉద్దేశం మంచిదే, అక్షరాల వేట తగ్గుతుందని. కానీ గొడవలు తగ్గుతాయని నేను అనుకోను. ఇవాళ బీ++ వచ్చినవాడికి కనీసం బీ++ ఉంది. రేపు "లేదు" అని వస్తే ఏమీ ఉండదు, అలాంటివాడు కోర్టుకి వెళ్లక ఏం చేస్తాడు? పైగా కొత్త పద్ధతిలో డేటాకే ఇంకా బరువు పెరుగుతుంది, తనిఖీకి వచ్చే మనుషులు తగ్గుతారు. లంచాలకి అది మందు కావొచ్చు, తుంగభద్ర గారి లాంటివాళ్లకి కాదు. అంకె మార్చిన ప్రతిచోటా ఏ పత్రం, ఎందుకు అని రెండు వాక్యాలు రాయాలనే నియమం ఒక్కటి పెడితే సగం కేసులు పుట్టవు. 44 డీమ్డ్ యూనివర్సిటీలకి హోదా తగదని 2009లో టాండన్ కమిటీ చెప్పింది గుర్తుందా? సరిగా విని, చూసి తేల్చారా లేదా అనే దాని మీదే ఏళ్ల తరబడి సుప్రీంకోర్టులో నడిచింది. మధ్యలో ఎన్ని బ్యాచ్‌ల పిల్లలు, మా డిగ్రీ చెల్లుతుందా అని భయపడుతూ చదివారో.

ఫైనలియర్_బీటెక్ | 16 ఫిబ్రవరి

నల్లకోటు అన్నా, మా కాలేజీ ఎస్‌ఎస్‌ఆర్ దొరికింది. కంప్యూటర్ల దగ్గర రాసిన సంఖ్య చూసి మా ఫ్రెండ్స్‌తో కలిసి ల్యాబ్‌లన్నీ తిరిగి లెక్కపెట్టాం. చాలా తేడా ఉంది. పేరు రాయను. మా హెచ్‌ఓడీ గారికి కాగితం మీద రాసి, అందరం సంతకం పెట్టి ఇచ్చాం. చూస్తానన్నారు.

తుంగభద్ర_తీరం | 21 సెప్టెంబర్ 2025

చాలా రోజులకి వస్తున్నాను, అడుగుతున్నవాళ్ల కోసం.

అప్పీల్ గడువులోపే పెట్టాం. అప్పీల్ కమిటీ మా దాతల ఉత్తరాలు, అనువాదాలు ఒప్పుకుంది. స్కాలర్‌షిప్ మెట్రిక్‌లో ఒక మెట్టు పెంచారు. కొత్త సీజీపీఏ 3.00. బీ++ అంటే 2.76 నుంచి 3.00 వరకు, కాబట్టి గ్రేడ్ అదే. విద్యా దీవెన భాగాన్ని మళ్లీ తోసేశారు, కారణం దగ్గర మళ్లీ ఆ ఒక్క లైనే ఉంది, ఒక్క అక్షరం మారలేదు.

దాని మీద రిట్ వేశాం, ఆ ఒక్క మెట్రిక్ మీదే. గ్రేడ్ అడగలేదు, కారణాలు రాసి మళ్లీ చూడమని మాత్రమే అడిగాం. హైకోర్టు నోటీసులిచ్చింది, న్యాక్ కౌంటర్ ఇంకా రాలేదు. ప్రిన్సిపల్ గారు ఇప్పుడు భయపడటం లేదు, మొదటి వాయిదాకి ఆయనే వచ్చారు.

ఈ లోపల ఈ ఏడాది జాబితా మొదలుపెట్టాం. పెద్దాయన ఉత్తరం వచ్చింది, ఈసారి పదిహేను మంది పిల్లలు. ఉత్తరం అందిన సాయంత్రమే కామర్స్ మేడమ్ ఇంగ్లీషు చేసి పంపారు, ప్రిన్సిపల్ గారు రెండింటి మీదా సంతకం పెట్టారు, తేదీ వేశారు, నేను స్కాన్ చేసి సరైన ఫోల్డర్‌లో పెట్టి ఏడాది సరిగా ఉందో లేదో రెండుసార్లు చూసుకున్నాను.